గౌరవ దర్శకత్వం: ఉపద్రష్ట సాంబమూర్తి

కందుల సోమేశ్వరాన్ని సినిమావాళ్లంతా కెమెరా సోమేశ్వరం అనేవారు. ఇంటిపేరు కందుల అన్న సంగతి ఆధార్ కార్డుకీ, ఆయన భార్య వెంకటరత్నానికీ తప్ప మూడోవారికి తెలియదు. ముప్పై ఏళ్లు ఒక కన్ను మూసుకుని, ఒక కన్ను తెరుచుకుని బతికిన మనిషి. నలభై రెండు సినిమాలకు కెమెరా పట్టాడు. డైరెక్టర్లు చూపించమన్నదల్లా చూపించాడు.

ఆయన చూపించాలనుకున్నది మాత్రం ఒక్కటి మిగిలిపోయింది. అది ఒక పావుగంట. సూర్యుడు గోదాట్లోకి దిగిపోయాక, ఇళ్లలో దీపాలు పెట్టకముందు ఉండే పావుగంట. ఆ వేళ మనిషి మొహంలో అబద్ధం నిలవదని ఆయన నమ్మకం. ఆ వెలుగులో ఒక్క షాటు తీద్దామని పదకొండుమంది డైరెక్టర్లను బతిమాలాడు. ఒకాయన "అప్పటికి హీరోగారు రూముకెళ్లిపోతారు కదయ్యా" అన్నాడు. ఇంకొకాయన "ఆ మసకలో నగలేం కనపడతాయి?" అన్నాడు. ఒకే ఒకాయన ఒప్పుకున్నాడు గానీ, ఆ పావుగంటలో ఇరవైమందిని నిలబెట్టి డాన్సు చేయించాడు. ఇలా ఒకరిని అడుక్కోవడం కంటే తనే డైరెక్టరవడం తేలికని సోమేశ్వరానికి యాభై నాలుగో ఏట తోచింది.

"ముప్పయ్యేళ్లు చూసింది చాలక ఇప్పుడు చూపిస్తారా?" అంది వెంకటరత్నం. అన్నదే గానీ, కథ రాసుకోవడానికి వంటింటి పక్క గది ఖాళీ చేసి ఇచ్చింది కూడా ఆవిడే.

కథ చిన్నది. కోనసీమలో ఒక లంక. రేవులో పడవ నడిపే ఆడమనిషి. గోదావరి మీద వంతెన వస్తుంది, జనం పడవెక్కడం మానేస్తారు. ఆఖరి రోజు సాయంత్రం ఆవిడ ఖాళీ పడవ వెనక్కి తెచ్చి, కట్టుకొయ్యకు కట్టి, ఒడ్డెక్కకుండా అందులోనే కూర్చుంటుంది. ఆ కూర్చోవడమే పావుగంట. మిగతా సినిమా అంతా ఆ పావుగంట దగ్గరికి వెళ్లే దారి. భీమవరంలో రొయ్యల చెరువులున్న ఆసామి ఒకాయన, ఇందులో డాన్సు లేదంటే తలనొప్పి కూడా ఉండదని నిర్మాతగా ఒప్పుకున్నాడు. కెమెరాకు మేరీ సుజాత కుదిరింది. సోమేశ్వరం దగ్గర పధ్నాలుగేళ్లు పని నేర్చుకున్న మనిషి, ఆయన దగ్గితే ఏ లెన్సు కావాలో తెలుసుకోగలదు.

అన్నీ కుదిరాక మండలి నుంచి కాగితం వచ్చింది.

మండలి అంటే చలనచిత్ర వృత్తుల సరిహద్దు పరిరక్షణ మండలి. దాని పుట్టుకకు ఒక కారణముంది. అంతకు రెండేళ్ల ముందు డాన్సు మాస్టరొకాయన డైరెక్టరై, చావు సన్నివేశంలో పాడె మోసేవాళ్లచేత కూడా అడుగులు వేయించాడు. ఊరంతా దుమారం లేచింది. ఎవరి పని వాళ్లు చెయ్యాలి, ఒకడి పొలంలో ఇంకొకడి గొడ్డు మేయకూడదు అని పెద్దలంతా తీర్మానించి, మండలి పెట్టి, దానికి అధ్యక్షుడిగా ఉపద్రష్ట సాంబమూర్తిగారిని తెచ్చారు. ఆయన ముప్పై అయిదేళ్లు సర్వే శాఖలో పనిచేసి, కొన్ని వేల హద్దురాళ్లు పాతించి రిటైరైన నిజాయితీపరుడు. సినిమా చూసి పాతికేళ్లయింది. చూడనివాడైతే పక్షపాతం ఉండదని పెద్దల అభిప్రాయం.

సోమేశ్వరం వెళ్లేసరికి ఆయన గోడమీద పటం చూస్తున్నారు. సినిమాలో ఉన్న ఇరవై నాలుగు శాఖలనూ ఇరవై నాలుగు పొలాలుగా గీసి, గట్లు వేసి, రంగులద్దిన పటం.

"తమరు ఛాయాగ్రహణ క్షేత్రమునుండి దర్శకత్వ క్షేత్రమునకు దఖలుపడితిరి" అన్నారు సాంబమూర్తిగారు, బెత్తంతో రెండు పొలాలూ చూపిస్తూ. "సంతోషము. ఇకమీదట పాత గట్టు దాటరాదు. పద్నాలుగవ నిబంధన వినుడు. పూర్వ శాఖకు చెందిన పరికరమును తాకరాదు. పూర్వ శాఖకు చెందిన పదములను ఉచ్చరింపరాదు. పూర్వ శాఖకు చెందిన చూపును ప్రసరింపజేయరాదు."

"చూపు కూడానా అండీ? కళ్లు మూసుకుని డైరెక్షన్ చెయ్యమంటారా?"

"మూయనక్కరలేదు. తమరు చూడవచ్చును. గమనింపరాదు."

సోమేశ్వరం కాసేపు ఆయన మొహం చూశాడు. ఎగతాళి ఎక్కడా లేదు. పచ్చి నిజాయితీ. అలాంటివాళ్లతో వాదించి గెలిచినవాడు లేడని తెలిసి, సంతకం పెట్టి వచ్చేశాడు.

షూటింగుకు మండలి తరఫున సరిహద్దు పరిశీలకుడొకడు వచ్చాడు. పేరు నూకరాజు. మెడలో కార్డు, చంకలో రిజిస్టరు, చెవి మీద పెన్సిలు. రిజిస్టరు మొదటి పేజీలో సోమేశ్వరం పలకరాని మాటల జాబితా ఉంది: వెలుగు, నీడ, ఎండ, మబ్బు, పొద్దు, మసక, తళుకు. మొదటిరోజు పదకొండు గంటలకు సోమేశ్వరం నెత్తిన తువ్వాలు వేసుకుని "ఎండ పేలిపోతోందమ్మా, కాస్త మజ్జిగిప్పించండి" అన్నాడు. నూకరాజు గడియారం చూసుకుని ఒకటో ఉల్లంఘన రాసుకున్నాడు.

"దాహమేసిందయ్యా బాబూ!"

"దాహం మీ ఇష్టమండి. ఎండ మాత్రం సుజాతగారిదండి" అన్నాడు నూకరాజు, ఎంతో మర్యాదగా.

డైరెక్టరు నోరు కట్టేస్తే సినిమా ఎలా నడుస్తుంది? సోమేశ్వరం, సుజాత రహస్యంగా ఒక భాష ఏర్పాటు చేసుకున్నారు. వెలుగును సంతోషమనాలి, నీడను దుఃఖమనాలి. భావాలు డైరెక్టరు పొలంలో పండేవే కాబట్టి అడ్డు చెప్పేవాడు లేడు. మర్నాడు పడవమనిషి వేషం వేసిన వసంత తెడ్డు పట్టుకుని నిలబడింది. ఆవిడ నాటకాలనుంచి వచ్చింది, డైరెక్టరు మాటంటే వేదం.

"ఎడమ బుగ్గమీద సంతోషం ఎక్కువైంది. సగం తగ్గించు. ముక్కు కింద దుఃఖం ఉండనీ" అన్నాడు సోమేశ్వరం, సుజాతకేసి చూస్తూ.

సుజాత లైటు పక్కకు జరిపించేలోగానే వసంత పని మొదలుపెట్టింది. కుడి బుగ్గతో నవ్వుతూ, ఎడమ బుగ్గ బిగబట్టి, పై పెదవి మాత్రం ఏడిపించింది. ఆ మొహం చూసి పడవలో కూర్చున్న మేక తాడు తెంపుకుని నీళ్లలోకి దూకింది.

"ఇంకొంచెం ఏడవనా సార్?" అంది వసంత, నోరు అలాగే పెట్టుకుని.

ఆ సాయంత్రం సోమేశ్వరం రేవు మెట్లమీద కూలబడ్డాడు. ఎదురుగా పావుగంట వచ్చి, ఆయన చూస్తుండగానే వెళ్లిపోయింది. ఆయనకు నిజంగానే ఏడుపొచ్చింది. దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారు. ఇక్కడ పూజారి కూడా ఇచ్చేవాడేమో, గుడి గుమ్మానికి మండలివాళ్లు గట్టు వేసి కూర్చున్నారు.

నిబంధనల పుస్తకం ముందునుంచి వెనక్కి, వెనకనుంచి ముందుకు చదివింది సుజాతే. మూడోరోజు పొద్దున్నే పుస్తకం పట్టుకుని పరుగెత్తుకొచ్చింది.

"సార్, ఇరవై రెండోది చూడండి. 'ముహూర్తపు షాటు శుభకార్యమగుటచే దానికి పై నిబంధనలేవియు వర్తింపవు.'"

సంగతేమిటంటే, మన సినిమాల్లో మొదటి షాటు పూజ చేసి తీస్తారు. ఊళ్లో పెద్దమనిషొకరు వచ్చి కెమెరా స్విచాన్ చేస్తారు, ఇంకొకరు క్లాపు కొడతారు, మరొకరు గౌరవ దర్శకత్వం వహిస్తారు. వాళ్లలో ఎవరికీ సినిమా పని రాదు, మండలి కార్డూ ఉండదు. వాళ్లనాపితే గొడవలైపోతాయని మండలి ఆ ఒక్క షాటును వదిలేసింది.

"అది మొదటి షాటుకి కదమ్మా!"

"మొదటిదని ఎక్కడా లేదు సార్. ముహూర్తపు షాటు అని ఉంది. ఒక సినిమాకి ఎన్ని ముహూర్తాలుండాలో కూడా లేదు."

సోమేశ్వరం ఆ వాక్యాన్ని మూడుసార్లు చదివాడు. తర్వాత పంతులుగారికి కబురు పెట్టాడు.

ఆరోజునుంచి ఆ సినిమాలో ప్రతి షాటూ ముహూర్తపు షాటే. కెమెరాకు బొట్టు, హారతి, కొబ్బరికాయ. ముఖ్య అతిథి వచ్చి మీట నొక్కితే, ఆ షాటు అయ్యేదాకా సోమేశ్వరం నోటికి విడుదల. "ఆ నీడ ఇటు లాగమ్మా! మబ్బు పోనీ! ఎండ, ఎండ, నా తల్లి ఎండ!" అని ముప్పై ఏళ్ల మాటలన్నీ ఒక్కసారి అరిచేవాడు. నూకరాజు పెన్సిలు చెవిమీదనుంచి తీసి, మళ్లీ చెవిమీదే పెట్టుకునేవాడు.

కోనసీమలో కొబ్బరికాయలకు కరువేమిటి? కరువొచ్చింది అతిథులకు. సర్పంచిగారు, పోస్టుమాస్టరు, హెడ్మాస్టరు, పశువుల డాక్టరు అయిపోయారు. పడవ అవతలి ఒడ్డుకు తిరిగిన షాటుకు స్విచాన్ చేసింది లంకలో మంగలి పైడియ్య. వసంత జడ వేసుకునే షాటుకు పంతులుగారి అత్తగారు చేసింది. పదిరోజులకు లంకలో స్విచాన్ చెయ్యని మనిషి లేకుండా పోయాడు. ప్రతి ఇంట్లోనూ పొద్దున కొబ్బరి పచ్చడి, మధ్యాహ్నం కొబ్బరన్నం, రాత్రి మళ్లీ పచ్చడి. పిల్లలు కొబ్బరి కనిపిస్తే పారిపోవడం మొదలుపెట్టారు. నూకరాజుకు కూడా విసుగెత్తి, ఈ సినిమా ఇప్పటికి నూట ముప్పై ఆరుసార్లు ప్రారంభమైనదనీ, ఇంకను ప్రారంభమవుచునే యున్నదనీ మండలికి నివేదిక పంపాడు.

సాంబమూర్తిగారు స్వయంగా విచారణకు బయల్దేరి వచ్చారు.

ఆయన రేవు దాటించే పంటు దిగుతుండగానే మేళం మోగింది. సుజాత మెడలో దండ వేసింది, నిర్మాత భుజాల మీద శాలువా కప్పాడు. "ఇదేమి? నేను విచారణకు వచ్చితిని" అంటూనే ఉన్నారాయన, పంతులుగారు ఆయన చెయ్యి పట్టుకుని కెమెరా దగ్గరికి తీసుకెళ్లారు. ఆయన ముప్పై అయిదేళ్లు ఉద్యోగం చేస్తే ఏ ఊళ్లోనూ దండ వేసినవాడు లేడు. హద్దురాయి పాతేవాడికి అటువాడూ వేయడు, ఇటువాడూ వేయడు. మీట నొక్కారు. నొక్కాక, కన్ను కూడా పెట్టమన్నారు. పెట్టారు. తీయలేదు.

విచారణ ఒకరోజు అనుకున్నది వారమైంది. "నియమమును సన్నిహితముగా పరిశీలింపవలసియున్నది" అనేవారు గానీ, తెల్లారేసరికి స్నానం చేసి, శాలువా కప్పుకుని కెమెరా పక్కన తయారు. నాలుగోరోజుకు సోమేశ్వరంతో మామూలు తెలుగు మాట్లాడటం మొదలుపెట్టారు. "ఏవండీ, ఆ నీళ్ల వెలుతురు ఆవిడ గడ్డం కింద ఆడుతోంది చూశారా? చూశారా?" అని పసిపిల్లాడిలా చెయ్యి పట్టుకుని లాగేవారు. సోమేశ్వరానికి ఆయనమీద కోపం పోయింది. వెలుగు చూసి ఆనందించేవాడిమీద ఆయన ఎన్నడూ కోపం నిలుపుకోలేడు.

చిట్టచివరికి పావుగంట మిగిలింది. చిక్కు కూడా అక్కడే వచ్చింది. పంతులుగారు పంచాంగం మూసేశారు.

"అసురసంధ్య వేళ ముహూర్తమేమిటండీ? ఆ వేళ అన్నమే తినం, కొబ్బరికాయ కొడతామా?"

ముహూర్తం లేకపోతే సోమేశ్వరానికి నోరు లేదు. పైగా ఎగువన వానలు పడుతున్నాయి, రెండురోజుల్లో ఎర్రనీరు దిగుతుందని రేవువాళ్లు చెబుతున్నారు. వరదొస్తే పడవ ఉండదు, రేవే ఉండదు. సోమేశ్వరం మొహం చూసి జాలేసి, పంతులుగారే తల గోక్కుని "గోధూళి లగ్నం ఒకటుందండి. ఏ ముహూర్తమూ కుదరని పెళ్లిళ్లకి పెడతాం. ఆవులు ఇంటికొచ్చే వేళ" అన్నారు.

"అయితే ఆవులుండవలె" అన్నారు సాంబమూర్తిగారు, ఉలిక్కిపడి మళ్లీ అధ్యక్షుడైపోయి. "ధూళి కూడ నుండవలె. లేనిచో లగ్నము చెల్లదు."

లంకలో ఉన్న ఆవులన్నిటినీ ఆ సాయంత్రం కరకట్ట మీదుగా తోలించారు. అవి రేపిన ధూళి రేవుమీద పల్చగా పరుచుకుంది. సూర్యుడు దిగాడు. ఆ ధూళిలో వెలుగు చిక్కుకుని, పడవా నీళ్లూ వసంత మొహమూ అంతా ఒకటే రంగైపోయింది. సోమేశ్వరం కూడా అలాంటిది ఎన్నడూ చూడలేదు. కాయ కొట్టారు. సాంబమూర్తిగారు శాలువా సర్దుకుని కన్ను పెట్టారు. "యాక్షన్" అన్నాడు సోమేశ్వరం.

వసంత పడవ తెచ్చింది, కట్టింది, కూర్చుంది. చీకటి పడ్డాక సాంబమూర్తిగారు తలెత్తారు. కళ్లు తడిగా ఉన్నాయి.

ఆయన శాలువా అడ్డు తొలగాక సుజాత కెమెరా చూసింది. వెలగవలసిన ఎర్రదీపం వెలగడం లేదు.

"సార్... మీట నొక్కలేదండి."

"నొక్కలేదా? నేను చూస్తున్నానమ్మా" అన్నారు సాంబమూర్తిగారు.

సోమేశ్వరం మెడలో మండలివాళ్లు వేసిన డైరెక్టరు కార్డు తీసి ఆయన చేతిలో పెట్టాడు. "ముప్పయ్యేళ్లండీ. ముప్పయ్యేళ్లు అడుక్కున్నాను. దీనికోసమే డైరెక్టరునయ్యాను, నాకింకేం పనిలేదు ఈ కార్డుతో. మీరే ఉంచుకోండి. నాకు రేపు సాయంత్రం ఆ పావుగంట ఇప్పించండి చాలు." అంత పెద్దమనిషీ, అందరిముందూ, తువ్వాలుతో మొహం కప్పుకున్నాడు. సుజాత వచ్చి పక్కన కూర్చుంది. నూకరాజు రిజిస్టరు తెరవలేదు.

మర్నాడు పొద్దున సాంబమూర్తిగారు నిబంధనల పుస్తకం చేత్తో పట్టుకుని సోమేశ్వరం బస చేసిన ఇంటికి వచ్చారు. రాత్రంతా నిద్రపోయినట్టు లేదు.

"ముహూర్తపు షాటులో అతిథి మీట నొక్కడానికి బదులు గౌరవ దర్శకత్వం వహించవచ్చును కదా?"

"వహించవచ్చండి."

"అప్పుడు ఆ షాటుకి దర్శకుడు ఆ అతిథే కదా? మీరు కాదు."

"కాదండి."

"మీరు దర్శకుడు కానప్పుడు గట్టు ఎక్కడుంది? ఎవరినైనా కెమెరా దగ్గరికి పిలవొచ్చు కదా? నేను మిమ్మల్ని పిలుస్తున్నాను. మీట మీరే నొక్కండి. నాకా నొక్కుడు పని వద్దు." కార్డు తిరిగి మెడలో వేశారు. "డైరెక్టరు ఏమేం మాటలనాలి?"

"రెండేనండి. మొదట్లో యాక్షన్, చివర్లో కట్."

ఆయన ఆ రెండూ కాగితం మీద రాసుకుని పగలంతా రేవులో తిరుగుతూ వల్లె వేశారు. సుజాత కెమెరా నిలబెట్టి, లెన్సు తుడిచి పక్కకు జరిగింది. "మీరు చూసిన పావుగంట నేను చూడలేను సార్. రండి" అంది. ఆవులొచ్చాయి. ధూళి లేచింది. కాయ పగిలింది. సోమేశ్వరం మీట నొక్కి, ఎర్రదీపం వెలిగిందని సుజాత చెప్పాక, ఒక కన్ను మూసుకున్నాడు.

"యాక్షన్!" అన్నారు సాంబమూర్తిగారు. లంకంతా వినిపించింది.

వసంత పడవ తెచ్చింది. కట్టింది. కూర్చుంది. చెప్పిన పని అయిపోయింది. ఎవరూ ఏమీ అనలేదు. ఆవిడ చీర కొంగు భుజాలచుట్టూ కప్పుకుంది. ఇంకా ఎవరూ ఏమీ అనలేదు. చెయ్యి నీళ్లలో పెట్టి కాసేపు ఊరుకుంది. తర్వాత, రోజంతా తెడ్డు వేసిన మనిషిలాగానే, పడవ అడుగున కాళ్లు ముడుచుకుని పడుకుంది. దూరాన ఉన్న వంతెన మీద దీపాలు వెలిగాయి.

నూకరాజు మెల్లగా అధ్యక్షులవారి పక్కకు చేరాడు. "అయ్యా, కట్ చెప్పాలండి. అది మీ మాటేనండి, ఇంకెవరూ అనకూడదండి."

"మరిచిపోయాన్రా" అన్నారు సాంబమూర్తిగారు గుసగుసగా. నీళ్లకేసి చూశారు. పడవా లేదు, మనిషీ లేదు, అంతా నలుపు. కెమెరా దగ్గరికి తడుముకుంటూ వెళ్లి వంగి, "సోమేశ్వరంగారూ, ఏమీ కనపడటం లేదు కదండీ. ఇప్పుడు చెప్పేయనా?" అని అడిగారు.

సోమేశ్వరం కన్ను తీయలేదు.

"నాకింకా కనపడుతోందండీ" అన్నాడు.